గుంట కూడా జప్తు చేయండి

పూర్వం నేతగాళ్ళంతా కలిసి పెట్టుకున్న ఒక సంఘానికి సాంబన్న బాకీ పడ్డాడు. సంఘం పెద్ద మార్కండయ్య అతని మగ్గం ఊడదీయించి సంఘం కొట్లో పడేశాడు. సాంబన్న రాజుగారి న్యాయసభకెక్కాడు. రెండు వానాకాలాలు గడిచాక పిలుపొచ్చింది.

"జప్తు రద్దు చేయమంటావా?" అన్నాడు ధర్మాధికారి.

"లేదు ప్రభూ, సగమే చేశారు. నేసేటప్పుడు కాళ్ళు పెట్టుకునే గుంట మా ఇంట్లోనే ఉండిపోయింది. అదీ పట్టుకెళ్ళి, నాచేత నేయించి, బాకీ రాబట్టుకోమనండి."

"గుంటనెలా మోస్తార్రా?"

"మరైతే మగ్గమే గుంట దగ్గరికి రావాలి కదా ప్రభూ."

సభంతా నవ్వింది. మగ్గం తిరిగి ఇచ్చేయమని తీర్పయింది.

కొట్టు తలుపు తీసి చూస్తే, మగ్గాన్ని చెదలు తినేసి ఉన్నాయి. ముట్టుకుంటే పొడిపొడిగా రాలింది.

"మీ నాన్న నాకు నేత నేర్పింది దీనిమీదేరా," అన్నాడు మార్కండయ్య మెల్లగా.