శౌరమ్మ ఇచ్చిన వానరోజు

అనగనగా, గడియారం అన్నదే ఎరగని ఒక ఊళ్ళో, తల్లీ, ఒక పెద్ద గుడి కడుతున్నారు. మన గుడి లాంటిది కాదు. మన గుడిని తీసుకెళ్ళి దాని గుమ్మంలో పెడితే, ఎవరో చెప్పులు విడిచినట్టుంటుంది. నేల మీంచి ఎగిరిన పావురం పైకప్పు చేరేలోగా మూడు చోట్ల వాలి ఆయాసం తీర్చుకునేది. అంత ఎత్తు! మొదటి రాయి పెట్టినవాళ్ళ మునిమనవలకు కూడా జుట్టు నెరిసింది. గుడి మాత్రం ఇంకా పూర్తి కాలేదు.

ఆ గుడికి రంగుటద్దాల కిటికీలు మూడు. తూర్పు కిటికీలోంచి నిన్నటి వెలుగు వచ్చేది. దక్షిణం కిటికీలోంచి ఇవాళ్టి వెలుగు. పడమటి కిటికీలోంచి రేపటి వెలుగు. రేపు ఎండ కాసేదుంటే, ఆ కిటికీ కింద నేల ఇవాళే వెచ్చబడేది.

ఇక గోడల సంగతి విను. అక్కడ ఉత్త సున్నంతో రాయి అతుక్కోదు. ప్రతి రాయికీ ఎవరో ఒకరు తమ బతుకులోంచి ఒక రోజు ఇవ్వాలి. రాయి మీద అరచెయ్యి ఆనించి, ఆ రోజును తలుచుకోవాలి. అప్పుడు రోజు రాయిలోకి దిగేది. ఆ తర్వాత ఇచ్చినవాళ్ళకు అది గుర్తుండేది కాదు. కానీ రాయికి చెవి ఆనిస్తే లోపల ఆ రోజంతా వినిపించేది. పెళ్ళిమేళం, పురిటిబిడ్డ ఏడుపు, బావిలో నీళ్ళు పడ్డప్పటి కేకలు.

అందుకని ఊళ్ళోవాళ్ళు ఏం చేశారో తెలుసా? చెవికి అందే రాళ్ళకు మంచి రోజులు ఇచ్చారు. కావాలన్నప్పుడు వచ్చి వినొచ్చు కదా! అందని పై రాళ్ళకేమో వదిలించుకోవాల్సిన రోజులు ఇచ్చారు. జ్వరం వచ్చిన రోజు, మేక తప్పిపోయిన రోజు, తిట్లు తిన్న రోజు. “అంత పైన ఎవరు వింటారులే” అనుకున్నారు.

అలా అలా గోడలు లేచాయి. చివరికి పైకప్పు నడినెత్తిన ఒక్క రాయి మిగిలింది. అది పెడితే గుడి పూర్తి.

అప్పుడు ఊరిపెద్ద బాలశౌరి వచ్చి, పన్ను పీకించుకున్న రోజు ఇచ్చాడు. తెల్లారి చూస్తే రాయి పగల్లేదు, చిట్లలేదు, అలిగినట్టు పైనుంచి దిగి నేల మీద కూర్చుని ఉంది. ఇచ్చిన రోజు వెనక్కి వచ్చేసింది. బాలశౌరి మళ్ళీ బుగ్గ పట్టుకుని మూలిగాడు.

ఆ తర్వాత అంతోనమ్మ వచ్చి, అత్తగారితో పోట్లాడిన రోజు ఇచ్చింది. రాయి మళ్ళీ దిగింది. ఆ తర్వాత పెద్ద మేస్త్రి రాయప్ప, తను నిచ్చెన మీంచి జారిపడితే ఊరంతా నవ్విన రోజు ఇచ్చాడు. నవ్వకే, పాపం! అదీ దిగింది.

అదే పొద్దున పడమటి కిటికీ కింద నేల తడిసింది. అంటే రేపు వాన! నెత్తిన ఉన్న కన్నంలోంచి నీళ్ళు దిగితే, ఆరని సున్నం కరిగి, రాళ్ళలోని రోజులన్నీ కొట్టుకుపోతాయి. నాలుగు తరాల వాళ్ళ రోజులు, తల్లీ.

ఆ గుడి పనిలో సున్నం గానుగ దగ్గర శౌరమ్మ అని ఒక ముసలావిడ ఉండేది. ఆమెకు వాళ్ళమ్మ గుర్తున్నది ఒకే ఒక్క రోజు. అప్పుడు శౌరమ్మకు ఐదేళ్ళు. జోరున వాన. గానుగ పందిట్లో అమ్మ ఆమెను ఒళ్ళో కూర్చోబెట్టుకుంది. సున్నంలో కలపడానికి ఉంచిన బెల్లంలోంచి చిన్న ముక్క విరిచి నోట్లో పెట్టింది. పాట పాడింది. మళ్ళీ వానలు వచ్చేసరికి అమ్మ లేదు. శౌరమ్మ గుడికి ఎన్నో రోజులు ఇచ్చింది కానీ, ఆ ఒక్కటీ ఇవ్వలేదు.

ఆమె మేస్త్రి దగ్గరికి వెళ్ళింది.

“ఏరా రాయప్పా, ఇంటికొచ్చిన చుట్టానికి చిరిగిన చాప వేస్తావా?”

“వెయ్యను పిన్నీ.”

“మరి దేవుడి నెత్తిన పెట్టే రాయికి చిరిగిన రోజులేంట్రా?”

“మంచిది పెడితే మళ్ళీ వినడానికుండదు పిన్నీ. అంత పైకి చెవి ఎవరు ఆనిస్తారు?”

“నాకు తెలీదనుకున్నావా? నిచ్చెన పట్టుకో. నీలాగా జారను లే.”

రాయిని మళ్ళీ తాళ్ళతో పైకి చేర్చాక శౌరమ్మ పైకెక్కింది. పావురం లాగే మూడు చోట్ల ఆగింది. ఆగిన ప్రతిచోటా ఆ పాట మెల్లగా పాడుకుంది. పైకి చేరాక రాయి మీద అరచెయ్యి పెట్టింది. చాలాసేపు తియ్యలేదు. కింద పొద్దు వాలిపోతోంది. ఆ తర్వాత మెల్లగా దిగి వచ్చింది.

“ఏ రోజు ఇచ్చావు పిన్నీ?” అన్నాడు రాయప్ప.

“ఏమోరా, గుర్తుంటేగా!” అంది.

మర్నాడు వాన కుండపోతగా కురిసింది. ఊరంతా గుళ్ళో నిలబడి పైకి చూశారు. ఒక్క చుక్క దిగలేదు. అప్పుడు నడినెత్తి నుంచి ఒక చప్పుడు మొదలైంది. తాటాకు పందిరి మీద చినుకుల చప్పుడు. ఆ తర్వాత ఒక అమ్మ గొంతు. ఆ రాయికి చెవి ఆనించక్కర్లేదు, తల్లీ! పాట అంత ఎత్తు నుంచి దిగి నాలుగు మూలలా నిండింది. చెడ్డ రోజులతో మూలిగే పై రాళ్ళు మూలగడం మానేశాయి. పావురాలు రెక్కలు ముడుచుకున్నాయి. బాలశౌరి, అంతోనమ్మ, పెద్దా చిన్నా, అందరి నాలుకల మీదా బెల్లం తగిలింది. మోకాళ్ళు వాటంతట అవే వంగాయి.

శౌరమ్మ మాత్రం తలెత్తి చూస్తూ, “ఎవరి తల్లోరా రాయప్పా, ఎంత చల్లగా పాడుతోంది!” అంది.

నిచ్చెన మీద ఆమె పాడుకున్న పాటే అదని రాయప్ప పోల్చుకున్నాడు. “మీ అమ్మే పిన్నీ” అన్నాడు.

“పోరా, మా అమ్మ నాకు గుర్తే లేదు” అంది శౌరమ్మ. అంటూనే ఆ రాయి కింద, సరిగ్గా నడిమధ్యన, బాసింపట్టు వేసుకుని కూర్చుంది. చిన్నపిల్లలా బుగ్గన బెల్లం చప్పరిస్తూ పాట అయ్యేదాకా లేవలేదు. మర్నాడూ వచ్చి అక్కడే కూర్చుంది. ఆ మర్నాడూ.

ఇప్పటికీ ఆ ఊళ్ళో నిద్రపోని పిల్లల్ని ఆ రాయి కిందికే తీసుకెళ్తారు. పాట ఇది. కళ్ళు మూసుకుని విను.

చినుకమ్మా చినుకా, సున్నంలో పడకు,
బెల్లంముక్క పెడతా, పాపను తడపకు.
గోడెక్కే పొద్దా, జారి జారి పోకు,
కళ్ళు మూసేదాకా, పాపను విడిచిపోకు.

పాట గుడికి, కథ కంచికి, నువ్వూ నేనూ నిద్రకి.