సొట్టల గ్లాసు

హైమకు ఫ్రాన్సులో ఓ తమ్ముడున్నాడు. తండ్రి ఒకడే, తల్లులు వేరు. తండ్రి ఆ దేశపు సైన్యంలో చేరి, అక్కడే ఇంకో సంసారం పెట్టుకుని, అక్కడే పోయాడు. హైమ ఆయన్ని ఫొటోలో తప్ప చూడలేదు. తమ్ముడికి తెలుగు ముక్క రాదు. "నాన్న ఎలాంటివాడు? పోయేముందు మమ్మల్ని తలుచుకున్నాడా?" అని అతన్ని అడగడం కోసమే ఆమె ఫ్రెంచి నేర్చుకుంటోంది.

యానాంలో ఆమెకు దొరికిన గురువు జోగిరాజు మాస్టారు. ఫ్రెంచివాళ్ళు వెళ్ళిపోతూ తమ భాషని ఈయన దగ్గర మర్చిపోయారని ఊళ్ళో వేళాకోళం. భార్య పోయాక ఆయనకు ఆ భాషలో బదులు పలికే మనిషి లేడు. శిష్యురాలు తప్పు మాట్లాడితే కళ్ళజోడు డబ్బా బల్లమీద టక్కున కొడతారు, అంతే.

చిక్కంతా జరిగిపోయిన సంగతులు చెప్పడంలో వచ్చింది. ఉండటం, చూడటం, రావడం, చచ్చిపోవడం... ఒక్క క్రియా తిన్నగా నడవదు. తమ్ముడు ఫోన్ చేసినప్పుడల్లా హైమ సరైన మాట కోసం వెతుక్కుంటూ ఉండిపోయేది. అతను కాసేపు చూసి పెట్టేసేవాడు. ఇప్పుడు చెయ్యడమే మానేశాడు.

"తప్పుల్లేకుండా వచ్చాక నేనే చేస్తానండి," అంది ఆ సాయంత్రం. "అయినా ఈ పాడు మాటలే ఇలా వంకర పోయాయేంటండీ? మిగతావన్నీ బుద్ధిగానే ఉన్నాయి కదా!"

"కాఫీ కలుపుకురా," అన్నారు మాస్టారు.

వంటింటి గూట్లో గ్లాసుల సెట్టు మెరిసిపోతోంది. హైమ వాటిలో పోసుకొచ్చింది. మాస్టారు తల అడ్డంగా ఊపి, లోపలికెళ్ళి, సొట్టలు పడ్డ గ్లాసులు రెండు తెచ్చి కాఫీ వాటిలోకి ఒంపారు. ఒకటి ఆమె వైపు జరిపారు.

"ఇది అమ్మగారిదాండీ?"

"ఊఁ. రోజూ అందులోనే తాగేది. అందుకే ఆ సొట్టలు. రోజూ వాడే మాటలూ అంతే."

"మరి గూట్లో ఆ మంచివో?"

"పెళ్ళినాటివి. పాడవుతాయని దాచింది. ఒక్కసారీ తాగలేదు."

హైమ కాఫీ చల్లారేదాకా ఆ గ్లాసు పట్టుకుని కూర్చుంది. ఆనక ఫోన్ తీసి తమ్ముడికి చేసింది.

అడిగింది. మొదటి మాటే తప్పు. మాస్టారి చెయ్యి డబ్బా మీదికి వెళ్ళి, అక్కడే ఆగిపోయింది. రెండో మాటా తప్పే.

అవతల తమ్ముడు గబగబా చెప్పడం మొదలుపెట్టాడు. మధ్యలో ముక్కు చీదాడు.

హైమ ఫోన్‌కి చెయ్యి అడ్డం పెట్టి, భయంగా చూసింది. "తప్పు చెప్పానాండీ?"

"అవతల బదులు చెప్పే మనిషి ఉన్నాడు," అన్నారు మాస్టారు. "విను."