చేతిలో ఉప్పు పోసిన నూకాలు

ఏమర్రా, ఒక్క మాట అడుగుతాను, మొహం తిప్పుకోకుండా చెప్పండి. మీతో పోట్లాడేవాళ్లు పరాయివాళ్లా, మీతో మాటే మానేసినవాళ్లు పరాయివాళ్లా?

ఇప్పుడే చెప్పకండి. ముందు వినండి.

అనగనగా అనడానికి కూడా అందనంత పాతకాలంలో మూడు సీమలుండేవట. పైన కొండసీమ, నడుమ మెట్టసీమ, కింద కడలిసీమ. మూడింటికీ ఒకటే పొత్తు. కొండ చింతపండు కిందికి దిగేది. మెట్ట జొన్నలు అటూ ఇటూ నడిచేవి. కడలి ఉప్పు పైకెక్కేది.

ఆ ఉప్పు మోసేది నూకాలు. పుట్టింది కొండలో, మెట్టింది కడలి ఒడ్డున. నెత్తిన గంప, అరికాళ్లనిండా పగుళ్లు, ఆ పగుళ్లలో ఉప్పు.

ఒక ఏడు కొండసీమలో ఓ మాట లేచింది. "పొత్తు వదిలేద్దాం. కిందికి దిగే ఘాటీదారికి అడ్డంగా గోడ కట్టేద్దాం" అన్నారు. పున్నమినాడు ఇంటికొకరు వాగు దగ్గరికి రావాలి. పొత్తు వద్దన్నవాళ్లు వాగు దాటాలి. కావాలన్నవాళ్లు ఇవతలే నిలబడాలి. ఎటు మంది ఎక్కువుంటే అదే తీర్పు.

ఆ మాట నూకాలు చెవిన పడింది. గోడ లేస్తే తనకి పుట్టిల్లు లేదు. అమ్మ పోయినా అమ్మ ఊరుంది కదా అనుకుని బతుకుతున్న మనిషి. గంప ఎత్తుకుంది. కొండసీమ ఊళ్లు తిరగడానికి బయల్దేరింది.

మొదటి ఊళ్లో నవ్వారు.

"ఏటి నూకాలూ, పొత్తు పోతే నీ ఉప్పెవుడు కొంటాడనా నీ ఏడుపు?"

"ఉప్పు ఎక్కడైనా అమ్ముడైపోతాది బావా. పుట్టిల్లు ఏ సంతలో దొరుకుతాది?"

ఇంకా నవ్వారు. ఇక చాలన్నాయి కాళ్లు. ఇంకొక్క ఊరు అంది నూకాలు.

రెండో ఊళ్లో తిట్టారు. "కడలోళ్ల కూడు తింటన్నావు, కడలోళ్ల పాటే పాడతావు" అన్నారు. గంపలో బూడిద పోశారు. పైపైన బూడిద తీసి పారేసి, మిగిలిన ఉప్పు నెత్తికెత్తుకుంది. ఇక చాలన్నాయి కాళ్లు. ఇంకొక్క ఊరు అంది నూకాలు.

మూడో ఊళ్లో నవ్వూ లేదు, తిట్టూ లేదు. ఆవిణ్ణి చూసి తలుపులేసుకున్నారు. "అమ్మా, ఒక్క మాట" అంటూ గుమ్మం గుమ్మం తిరిగింది. పలికినవాళ్లు లేరు. నవ్వితే ఓర్చుకుంది, తిడితే ఓర్చుకుంది. మూసిన తలుపుల్ని మాత్రం ఓర్చుకోలేకపోయింది. చివరి ఇంటి అరుగు మీద కూలబడింది.

ఆ ఇల్లు సోములమ్మది. పొత్తు వద్దని అందరికంటే ముందు అన్నది ఆవిడే. కానీ పొయ్యి మీద కూరుంది, ఇంట్లో ఉప్పు నిండుకుంది. తలుపు ఓరగా తీసింది. గడప మీద కొబ్బరిచిప్ప పెట్టి, "అందులో పోసి పో" అని చెయ్యి చాపి చూపించింది.

చాపిన ఆ చేతిలోనే పోసేసింది నూకాలు.

ఉప్పు చేతికిస్తే పోట్లాట తప్పదు కదర్రా! ఉప్పమ్ముకునేదానికి ఆ సంగతి తెలీదా? తెలుసు. ఒంటికి అలుపొస్తే తెలిసినవి గుర్తుండవు.

"ఓలమ్మో! చేతిలో పోసీసినావేటే!" అని కేకేసింది సోములమ్మ. టపటపా తలుపులన్నీ తెరుచుకున్నాయి. ఉప్పు చేతిలో పడ్డాక పోట్లాట కడదాకా సాగాలి, మధ్యలో ఆపితే ఊరికి అరిష్టమని వాళ్ల నమ్మకం. ఇక నోళ్లు మూసుకోవడం ఎలా?

సోములమ్మే మొదలెట్టింది. "కరువేడాది మెట్ట నుంచి జొన్నల బండొస్తాదన్నారు. ఘాటీ మొదట్లోంచే తిప్పీసుకుని పోనారు. నా చంటిది ఆకలితో పోయింది. ఆవేళ ఏదే నీ పొత్తు?"

ఊరంతా నూకాలు నోటివంక చూసింది.

"లేదు" అంది నూకాలు. "ఆవేళ లేదప్పా. తప్పే."

"మరేటి?"

"గోడ కట్టీసినాక ఆ తప్పు ఎవుల్నడుగుతావు? గోడనడుగుతావా?" అంది నూకాలు. "నీ చంటిదాని మాట కిందోళ్ల మొహమ్మీద అడిగినోళ్లు ఇంతవరకూ ఉన్నారా? నానొస్తాను నీతో. ఇద్దరం అడుగుదాం. అడగాలంటే పొత్తులో ఉండాల."

"నీ మాటలు నాకొద్దు" అంది సోములమ్మ. అయినా తలుపు వెయ్యలేదు. పొద్దు వాలేదాకా ఊరు ఊరంతా రెండు జట్లయి అరుచుకుంది.

పున్నమి వచ్చింది. సోములమ్మ వాగులో ఒక కాలు పెట్టింది. చాలాసేపు అలాగే నిలబడింది. తడిసిన కాలు వెనక్కి తీసుకుంది. ఆవిడ వెనక ఆ ఊరు ఆగింది. ఆ ఊరితో తీర్పు తిరిగింది, పొత్తు నిలిచింది. తెల్లారి ఇద్దరాడవాళ్లూ మెట్టకి దిగారు. బండి తిప్పిన పెద్దల్ని నిలబెట్టి అడిగారు. పెద్దలు తలలు దించుకున్నారు.

అంతటితో అయిపోయిందనుకున్నారా? గోడ మాట ఒకసారి చస్తే మళ్లీ పుట్టదా? పుట్టింది. ఓసారి కొండలో, ఓసారి మెట్టలో, ఓసారి కడలి ఒడ్డునే. పుట్టిన ప్రతిసారీ ఇక చాలన్నాయి కాళ్లు, ఇంకొక్క ఊరు అంది నూకాలు. ఆఖరికి ఓ వానాకాలం ఘాటీ దిగుతుంటే కాళ్ల మాటే నెగ్గింది.

"మా ఆడపడుచు, మా మట్టిలోనే ఉండాల" అన్నారు కొండవాళ్లు. "మా కోడలు, తీసుకుపోతాం" అన్నారు కడలివాళ్లు. "మా దారినే కదా తిరిగింది" అన్నారు మెట్టవాళ్లు. శవం పక్కనే అరుచుకున్నారు. అరిచి అరిచి అలిసిపోయి, ఘాటీ నడుమ ముగ్గురూ కలిసే గొయ్యి తవ్వారు.

నేటికీ మూడు సీమలవాళ్లు ఎక్కడ కూడినా ముందు ఒకరి చేతిలో ఒకరు ఉప్పు పోసుకుంటారట. ఆ తర్వాతే నోరు విప్పుతారు. గట్టిగా పోట్లాడుకుని ఒకే కంచంలో తినేవాళ్లని చూస్తే "నూకాలు ఉప్పు తగిలింది" అంటారట.

విన్నారు కదా, ఇక లేవండి. మీరు మాట మానేసిన గుమ్మం ఒకటి మీ వీధిలోనే ఉంటుంది. ఈ పూటే వెళ్లి ఆ తలుపు తట్టండి. అడగాల్సింది అడగండి, పడాల్సింది పడండి. అలిసిపోతే కాసేపు ఆ అరుగు మీదే కూర్చోండి. మాట కలవకుండా తిరిగి మాత్రం రాకండి.