పొల్లుతల్లి గాదె

బొడ్డవలస దాటి కొండవాలుకు తిరిగితే పొల్లుతల్లి కోవెల వస్తుంది. లోపల విగ్రహం కోసం వెతకవద్దు. మూత లేని నిలువెత్తు మట్టిగాదె ఒకటుంటుంది. అదే తల్లి. భక్తులు ఇక్కడికి కొబ్బరికాయ తీసుకురారు. చేటలో చెరిగితే ఎగిరిపోయే పొల్లు గింజలు గుప్పెడు తెచ్చి అందులో పోస్తారు. చూసి నవ్వేవాళ్లు ముందు కథ వినాలి.

పూర్వం ఇక్కడ రెండేళ్లు వాన మొహం చాటేసింది. మిగిలిన విత్తనపు వడ్లన్నీ ఊరివాళ్లు ఒక్క గాదెలో పోసి, మూతికి పేడమట్టి మెత్తారు. పెద్దకాపు తవిటినాయుడు దానిమీద పసుపు చేయి అద్ది, ఏరువాక వానకు ముందు తెరిస్తే ఊరి తల్లి మీద ఒట్టన్నాడు. కావలికి ఎర్నమ్మను పెట్టారు. మొగుడు పోయిన మనిషి. ఏడేళ్ల కూతురు సింహాలుతో గాదె పక్కనే బతికేది. ఆకులు ఉడకబెట్టి పిల్లకు పెట్టేదే గాని గాదె వైపు కన్నెత్తి చూడలేదు.

ఫాల్గుణంలో ఒకనాడు గాదె అలుకుతుంటే గోడ వెచ్చగా తగిలింది. నెర్రెలోంచి గోధుమరంగు చిలకపురుగులు నాలుగు బయటికొచ్చాయి. రెక్కల పురుగు బయటికొచ్చిందంటే, దాని పిల్ల గింజ లోపలంతా తినేసినట్టే. ఎర్నమ్మ పరుగున పెద్దకాపు దగ్గరికి పోయింది.

"నాయుడు బావూ, గాదె ఒళ్లు కాలతంది. ఇప్పుడు తీసి ఎండలో పోస్తే సగమైనా దక్కుతాది."

"నీ కూతురికి ఆకలేసినప్పుడే గాదెకి జొరమొచ్చిందేటి ఎర్నమ్మా?" అన్నాడు నాయుడు. చుట్టూ ఉన్న మగవాళ్లు నవ్వారు.

"దానికి ఒక్క గింజ పెట్టను బావూ. మీరే తీసి, మీరే కొలిసి, మీరే పొయ్యండి."

ఒట్టు ఒట్టేనన్నారు. దొంగ అనిపించుకోవడం ఆమెకు చావుకంటే ఎక్కువైంది. తిరిగొచ్చి, గింజలు తీసిన కన్నమంటారని, పురుగులొచ్చిన ఆ నెర్రెను తన చేత్తోనే మట్టి పెట్టి మూసింది. ఊరు చేసిన తప్పు అందరికీ తెలుసు. ఆమె చేసిన తప్పు ఇది.

చైత్రంలో సింహాలు పోయింది. గాదె గోడకు ఆనుకునే పోయింది.

జ్యేష్ఠంలో వాన పడింది. డప్పులు కొట్టి మూతి పగలగొట్టారు. పొగలాగా చిలకపురుగులు లేచాయి. ఎర్నమ్మ భుజం దాకా చేయి పెట్టి తీసింది. గుప్పిట్లో అన్నీ సూదిబెజ్జం పడిన పొల్లు గింజలే. ఊదితే ఎగిరిపోయాయి. ఆ ఏడు ఊరు విత్తలేదు. వలస పోయినవాళ్లు పోయారు, పోలేనివాళ్లు పోయారు.

ఎర్నమ్మ గాదె ముందునుంచి లేవలేదు. తల్లిలో ఐక్యమైందంటారు. ఆకలికి చచ్చిందనడానికి అదొక మర్యాద.

తరువాత తల్లి తవిటినాయుడి కలలో కనబడి, "నా పేరు చెప్పి మూశావే, నేనడిగానా? ఇక ఆ పొల్లే నాకు పెట్టు" అందట.

నేటికీ ఫాల్గుణంలో ఈ చుట్టుపక్కల ప్రతి ఇంటి ఆడమనిషీ గాదె తెరిచి మోచేతి దాకా చేయి పెట్టి చూస్తుంది. వెచ్చగా ఉందంటే అదే పూట ధాన్యం ఎండకు పోయాలి, ముహూర్తం అడగకూడదు. మొదటి మానిక వండి, ఎవరి బిడ్డ అని అడగకుండా ఆకలిగా ఉన్న బిడ్డకు పెట్టాలి.

ఈ తల్లి వాననివ్వదు, పురుగునాపదు. ఆడది చెప్పిన మాట వినే చెవులు మాత్రం ఇస్తుంది. ఆ వరం కోరి వచ్చే మగవాళ్లు ఇంతవరకు తక్కువే.