గోడ లేని గుమ్మం

సుంకన్న సామిని ఎవరైనా ప్రశ్న అడిగితే ఆయన ముందుగా చెప్పుల కోసం వెతుక్కుంటాడు. జవాబు తన దగ్గర ఉండదని, అది ఎక్కడో ఉంటుందని, నడిచిపోయి చూసి రావాలని ఆయన నమ్మకం. అందుకే ఆయన శిష్యులమైన మాకు శాస్త్రాలు పెద్దగా రాలేదు గానీ పిక్కలు మాత్రం గట్టిపడినాయి.

ఆ వేసవిలో మాలో ఒకడైన మద్దిలేటి అడిగిన ప్రశ్నకు జవాబు ఎంతో దూరంలో లేదు. సామి కొట్టం ముందు నిలబడి కిందికి చూస్తే కనిపించే కుంకుమేటి గండిలోనే ఉంది.

ఆ గండిని చూడనివాళ్ళకు దాని గురించి రెండు మాటలు చెప్పాలి. చుట్టూ చూపు ఆనినంత మేర ఎండిన నేల. తుమ్మకంప, బొమ్మజెముడు, వేడికి వణికే గాలి. వాన మాట ఎత్తితే ముసలివాళ్ళు ఆకాశం వైపు కూడా చూడరు, ఒకరి మొహం ఒకరు చూసుకుని నవ్వుకుంటారు. ఆ నేల మీద నడుస్తూ నడుస్తూ ఉంటే ఒకచోట నేల ఉన్నట్టుండి తెగిపోతుంది. తాటిచెట్టు మీద తాటిచెట్టు నిలబెట్టినంత లోతున, ఎర్రటి రాతిగోడల నడుమ, పచ్చగా నీళ్ళు! ఈ సీమకు రావలసిన నీడనంతా దేవుడు ఒక్కచోట దాచిపెట్టి, దాచిన సంగతే మరిచిపోయినాడేమో అనిపిస్తుంది. రాతి బొరియల్లో గుడ్లగూబలు, పై అంచున రాబందులు, మడుగుల్లో నీటికుక్కల కుటుంబం. తెల్లవారుతూనే ఆ నీటికుక్కలు ఈలలు వేసుకుంటూ చేపల వేటకు పోతుంటే చూసినవాడు ఆ పూట ఎవరితోనూ పోట్లాడలేడు.

ఎండలు ముదిరితే నీళ్ళు తగ్గి ఏటి నడుమ ఇసుకదిబ్బ తేలుతుంది. దాని మీదికి రేవుపిట్టలు వస్తాయి. తెల్లని ఒళ్ళు, నల్లని టోపీ, పసుపుకొమ్ము లాంటి ముక్కు. అవి గూళ్ళు కట్టవు. ఇసుకలో పొట్టతో చిన్న గుంట చేసుకుని గులకరాళ్ళ లాంటి గుడ్లు పెడతాయి. కాలు పడేదాకా అవి గుడ్లని ఎవరికీ తెలియదు.

ఆ కాళ్ళు కూడా అదే కాలంలో వస్తాయి. రేకుల ఇళ్ళు పెనాల్లా కాలే ఆ రోజుల్లో చుట్టుపక్కల పల్లెలకు చల్లని చోటు అంటూ ఉంటే అది ఆ గండి ఒక్కటే. ఆదివారం వస్తే చాలు, చిత్రాన్నం మూటలతో, చంకలో పిల్లలతో జనం దిగుతారు. మునిగి, ఈది, వండుకుని తిని, రాతి నీడలో ఒక కునుకు తీసి, పొద్దు వాలినాక కొత్త మనుషులై పైకి ఎక్కుతారు.

ఆ ఏడు అడవి ఆఫీసు వాళ్ళు మద్దిలేటిని దిబ్బకు కాపలా పెట్టినారు. ఆ పిట్టలంటే వాడికి ప్రాణం. దిబ్బ చుట్టూ తుమ్మకంప కొట్టుకొచ్చి వేసినాడు. లోపలికి రాకూడదని రాసి ఒక బోర్డు నాటినాడు. మొదటి ఆదివారమే కంప పొయ్యిల్లోకి పోయింది.

"భలే ఎండుకంప తెచ్చిపెట్టినావే అబ్బోడా, అగ్గిపుల్ల చూపిస్తే అంటుకుంటాంది" అని కొట్టాలపల్లె నాగరత్నమ్మ మెచ్చుకుంది కూడా. పల్లెలో పెళ్ళికైనా పంచాయతీకైనా ఆమె గొంతే ముందు లేస్తుంది.

తరువాతి ఆదివారం బోర్డు క్రికెట్ ఆడే పిల్లగాళ్ళకు వికెట్ అయింది. బంతి కోసం పరుగెత్తిన పాదం కింద ఒక గుంటలోని గుడ్లన్నీ చితికిపోయినాయి. ఆ తల్లిపిట్ట పొద్దు గుంకేదాకా ఆ చోటు మీదనే తిరుగుతూ అరిచింది. రాతిగోడలు ఆ అరుపును తీసుకుని మళ్ళీ మళ్ళీ అరిచినాయి.

ఆఫీసరు వచ్చి చూసినాడు. మంచివాడే గానీ విసిగిపోయి ఉన్నాడు. ఇంకొక్క గుంట పాడైతే గండికి దిగే దారికి ఇనుపకంచె వేయిస్తానని, తాళం పడితే ఇక మనిషన్నవాడు దిగడని చెప్పిపోయినాడు. ఆ మాట పొద్దు మునగకముందే పల్లెలకు పాకింది. నాగరత్నమ్మ మద్దిలేటిని దారికి అడ్డం నిలబడి అడిగింది.

"మా అవ్వ ఈదిన ఏరప్పా ఇది. నా పెళ్ళినాటి నలుగు ఈ నీళ్ళలోనే కడుక్కుంటి. నీ పిట్టలు నాలుగు దినాలుండి ఎగిరిపోయేటివి. మేము యాడికి ఎగిరిపోవాల? తాళం ఏస్తే ఏయమను, ఆ తాళం కాడనే పొయ్యి పెట్టుకుంటాం."

మద్దిలేటి ఎర్రబడిన కళ్ళతో సామి దగ్గరికి వచ్చినాడు. "సామీ, పిట్టలను కాపాడితే జనానికి ఏరు లేదు. జనాన్ని వదిలితే ఏట్లో పిట్ట లేదు. రెండింట్లో ఏది ముఖ్యం? ఒక్కమాట చెప్పండి. కాపలా మానుకోమంటే ఈ పొద్దే మానుకుంటా."

సామి చెప్పుల కోసం వెతుక్కున్నాడు.

మరుసటి దినం ఆదివారం. జనం రాకముందే సామి వెంట మేము గండిలోకి దిగినాము. దారిలో ఒక వేపచెట్టు దగ్గర ఆయన ఆగి నాలుగు మండలు విరిపించినాడు. ఎందుకని అడగలేదు. అడిగితే మళ్ళీ ఎంత దూరం నడిపిస్తాడో అని భయం. మోకాటి లోతు నీళ్ళు దాటి, జనం దిబ్బ ఎక్కే చోట, రెండు బొంగుకర్రలు ఎడంగా నాటించినాడు. వాటి నడుమ తాడు కట్టి వేపమండలు వరుసగా వేలాడదీయించినాడు. అంతే. దానికి అటు గోడ లేదు, ఇటు గోడ లేదు. పైన ఆకాశం. ఖాళీ ఇసుకలో ఒంటరిగా నిలబడిన ఒక గుమ్మం.

మద్దిలేటికి నవ్వూ ఏడుపూ కలిసి వచ్చినాయి. "కంపనే పొయ్యిలో పెట్టుకున్నోళ్ళు సామీ వాళ్ళు. గోడ లేని గుమ్మం ఎవర్ని ఆపుతుంది?"

సామి చెప్పులు విప్పి ఆ గుమ్మానికి ఇవతలే వదిలి, నీళ్ళ అంచున ఒక రాతి మీద కూర్చున్నాడు.

ముందు కేకలు వచ్చినాయి, తరువాత మనుషులు వచ్చినారు. బ్యాటు తిప్పుకుంటూ ముందు పరుగెత్తుకొచ్చిన పిల్లగాళ్ళు గుమ్మం ముందు టక్కున నిలబడిపోయినారు. చుట్టూ ఎటు పోయినా దారే. అయినా ఒక్కడూ కాలు కదపలేదు.

వెనక నుంచి నాగరత్నమ్మ అరిచింది. "ఏమిరా, దిష్టిబొమ్మల మాదిరి నిలబడితిరి?"

"అత్తా, వేపమండలు కట్టినారు."

ఆమె ముందుకు వచ్చి చూసింది. మా సీమలో బిడ్డ పుట్టిన ఇంటి గుమ్మానికి వేపమండలు కడతారు. వాటిని చూసినాక ఎంతటివాడైనా గొంతు తగ్గిస్తాడు, చెప్పులు విప్పుతాడు, బయట నుంచే క్షేమం అడిగి పోతాడు. ఆమె గొంతు కూడా దానంతట అదే తగ్గిపోయింది. తలమీది కొంగు సర్దుకుని, "ఎవురికి సామీ పురుడు?" అని అడిగింది.

సామి గడ్డంతో దిబ్బ వైపు చూపించినాడు.

అప్పుడే ఎండ రాతిగోడ దిగి ఇసుకను అంటుకుంది. ఒక రేవుపిట్ట నీళ్ళ మీద వాలి, పొట్ట తడుపుకుని, లేచి వచ్చి తన గుంట మీద నిలబడింది. పొట్ట ఈకల నుంచి చుక్కలు ఒక్కొక్కటిగా గుడ్ల మీద రాలినాయి. తరువాత అది రెక్కలు సగం విప్పి, గుడ్ల మీద నీడ పట్టి, నోరు తెరిచి రొప్పుతూ అట్లాగే నిలబడింది. కాసేపటికి మళ్ళీ నీళ్ళకు పోయింది, మళ్ళీ తడిసి వచ్చింది. పుట్టినప్పటి నుంచి ఆ ఏట్లో మునిగినవాళ్ళే అందరూ. ఆ పిట్ట చేసే పనిని అంతవరకూ ఎవరూ చూసి ఉండలేదు.

"అయ్యో నా తల్లీ!" అంది నాగరత్నమ్మ, ఊపిరితో అన్నట్టు. "మంచం లేదు, మాను లేదు. ఒంటి తడే బిడ్డలకు చలవ." ఆమె కళ్ళలో నీళ్ళు తిరిగినాయి. కానీ ఆమె నాగరత్నమ్మ గదా, ఆ నీళ్ళు తుడుచుకునే లోపలే మద్దిలేటి మీదికి తిరిగింది.

"ఏమప్పా, నువ్వు ఈ మన్నులో పుట్టినోడివేనా? కంప యాడేస్తారో ఎరుకనా నీకు? పూడ్చిన చోట, నక్కలు తవ్వకుండా ఏస్తారు. పాణం పోసుకునే చోట కంప ఏస్తివి, ఎవురూ మర్యాద చెయ్యలేదని ఏడిస్తివి!"

 కన్నతల్లిని మట్టి చేసిన చోట తన చేతులతోనే కంప పరిచినవాడు మద్దిలేటి. ఆ చేతులతోనే దిబ్బకూ వేసినాడు. తలకాయ దించుకుని ఆమెకు దణ్ణం పెట్టినాడు.

"సరేలే, దణ్ణాలు తర్వాత" అందామె. "రేయ్, బ్యాట్లు తీసుకుని కింది మడుగు కాడికి పోండి. కుక్కల్ని కట్టెయ్యండి. మేయ్ లచ్చుమీ, పొయ్యి దూరంగా పెట్టు, పొగ బాలింత మీదికి పోతాంది."

మిట్టమధ్యాహ్నం అసలు పరీక్ష వచ్చింది. ఏటి వాలు నుంచి, అటు పక్క నీళ్ళు ఇంకిపోయి ఎండిన ఇసుక మీద, పట్నం కుర్రాళ్ళ జీపు ఒకటి పాటలు మోగించుకుంటూ దిబ్బ మీదికే దూసుకొస్తోంది. పిట్టలన్నీ ఒక్కసారిగా గాలిలోకి లేచినాయి. గుడ్లు నీడ లేక ఎండకు పడినాయి. మద్దిలేటి పరుగెత్తేలోపల నీళ్ళలో మునుగుతున్న ఆడవాళ్ళు తడిచీరలతో లేచి, జీపుకు అడ్డంగా ఒక వరస కట్టేసినారు.

"ఆపప్పా! పురిటిల్లు!"

బండి నడిపే కుర్రాడు నల్లకళ్ళద్దాలు పైకి నెట్టి నవ్వినాడు. "ఏటి నడుమ పురుడేందక్కా?"

"నువ్వు పుట్టినప్పుడు మీ గుమ్మంలోకి ఎవురన్నా జీపు తోలిరేమో మీయమ్మను అడిగి రా పో" అంది నాగరత్నమ్మ.

జీపులోని వాళ్ళే ముందు పకపకా నవ్వినారు. కుర్రాడి చూపు వేపమండల మీద పడింది. వాడిదీ ఈ సీమే. పాట ఆగిపోయింది. చప్పుడు చేయకుండా, వచ్చిన జాడలోనే చక్రాలు పెట్టి, జీపును వెనక్కి నడిపించుకుపోయినాడు. పిట్టలు దిగి మళ్ళీ నీడలు పట్టినాయి.

"యాడికి పోతారు?" నాగరత్నమ్మ చెయ్యి ఊపి పిలిచింది. "కింది మడుగుకు రాండి, చిత్రాన్నం ఉండాది. ఆ పాటల డబ్బా నోరు మాత్రం మూసి పెట్టండి."

ఆ దినం మొదలు గండి మారిపోయింది. జనం తగ్గలేదు, పెరిగినారు. కానీ దిగీ దిగగానే "పురుడు ఎట్లుండాది?" అని అడిగేవాళ్ళు. కింది మడుగులో ఈదులాటలు, బండల మీద వంటలు, కబుర్లు, అన్నీ సాగినాయి. మండలు వాడితే ఎవరో ఒకరు పచ్చివి కట్టి పోయేవాళ్ళు, ఎవరో తెలిసేది కాదు. అలికిడి తగ్గిన మడుగుల్లో నీటికుక్కలు పట్టపగలే తలలు పైకెత్తి మనుషులను వింతగా చూసేవి.

గుడ్లు పగిలి పిల్లలు బయటపడినాక ఒకనాడు ఆఫీసరు వచ్చినాడు. పైన దారి మొదట్లో లారీ నిండా ఇనుపకంచె చుట్టలు. ఆయన గబగబా దిగి దిబ్బ వైపు పోబోతే గుమ్మం దగ్గర నాగరత్నమ్మ చెయ్యి అడ్డం పెట్టింది.

"సారూ, బూట్లు."

ఆయన ఆమె వైపు చూసినాడు, వేపమండల వైపు చూసినాడు, ఇసుకలో గులకరాళ్ళ నడుమ గులకరాళ్ళ మాదిరే కదులుతున్న పిట్టపిల్లల వైపు చూసినాడు. తరువాత వంగి, తాపీగా, బూట్ల ముడులు విప్పుకున్నాడు. వట్టికాళ్ళతో గుమ్మానికి ఇవతలే, నాగరత్నమ్మ పక్కనే నిలబడినాడు. కంచె చుట్టలు లారీ దిగకుండానే తిరిగిపోయినాయి.

పిల్లలు ఎగిరే దినం వచ్చింది. గండి రెండు గోడల వెంబడీ జనమే. ఊపిరి బిగబట్టి కూర్చున్నారు. తల్లి చేపను ముక్కున పట్టుకుని పైన తిరుగుతూ పిలుస్తోంది. ఒక పిల్ల పరుగెత్తింది, ఆగింది, మళ్ళీ పరుగెత్తింది. ఇసుక వదిలేసింది! నీళ్ళ మీద తూలింది, ఇక పడుతుంది అనుకున్నంతలో గాలి దొరికింది. దాని వెంట ఇంకొకటి, ఇంకొకటి. ఆ ఎర్రని గోడల నడుమ, ఆ పచ్చని నీళ్ళ మీద, తెల్లగా, తెల్లగా! అంతవరకూ బిగబట్టిన కేక ఒక్కసారిగా లేచింది. తప్పెటలు మోగినాయి. గండి ఆ కేకను తీసుకుని ఎన్నిసార్లు తిరిగి కేక వేసిందో! జీపు కుర్రాడు ఆఫీసరును ఎత్తుకుని తిప్పుతున్నాడు. నాగరత్నమ్మ అందరికీ నోట్లో బెల్లం పెడుతోంది. నేనైతే ఏడుస్తున్నానో నవ్వుతున్నానో నాకే తెలియలేదు.

జనం ఎక్కిపోయినాక సామి చెప్పులు తొడుక్కున్నాడు. ఖాళీ దిబ్బ మీద ఆ రెండు కర్రలు, ఆకులు రాలిన తాడు, సాయంత్రపు ఎండలో ఇంకా నిలబడే ఉన్నాయి. మద్దిలేటి వెనకే వచ్చి, మెల్లగా అన్నాడు.

"సామీ, అంతా బాగనే ఉంది గానీ, నేనడిగిన దానికి మీరు జవాబు చెప్పనే లేదు. పిట్టలు ముఖ్యమా, జనం ముఖ్యమా?"

సామి వెనక్కి తిరిగి ఆ గుమ్మం వైపు చూసినాడు.

"ముందు నువ్వు చెప్పప్పా," అన్నాడు. "ఆ గుమ్మానికి ఏ పక్క లోపల? ఏ పక్క బయట?"