ఓడపడుచు దిబ్బ: పోగులమ్మవారి కోతకోక కథ

చీరాల వైపు నుంచి వచ్చే ఆటోలు సరుగుడు తోపు మొదట్లోనే ఆగిపోతాయి. అక్కడి నుంచి ఇసుకలో నడవాలి. చెప్పులు చేత పట్టుకుని నడిస్తే సుఖం, కాళ్ళకు ఉంచుకుంటే అడుగడుక్కీ దోసెడు ఇసుక మోయాలి. తోపు దాటగానే దిబ్బ మీద వెల్ల వేసిన చిన్న గుడి కనబడుతుంది. అదే ఓడపడుచు దిబ్బ. లోపల కొలువై ఉన్న తల్లి పోగులమ్మ, సాలెపాలెం నేతగాళ్ళ ఇలవేల్పు. అమ్మవారిది మనిషి నడుమెత్తు నల్లరాయి. పూర్వపు శిల్పి ముఖమూ భుజాలూ మాత్రం చెక్కి, తక్కిన అందమంతా కోకకే వదిలిపెట్టాడు.

ఆ కోకను చూసి కొత్త భక్తులు కంగారుపడుతుంటారు. ఎర్రటి, నీలపు గళ్ళ కోక, దాని నిండా సన్నసన్నని కంతలు. "అమ్మవారి చీర ఎలుకలు కొట్టేశాయండీ, మార్చండి" అని అర్చకుడికి సలహా ఇచ్చి, పట్టుచీర కొని పంపిస్తామని చిరునామా రాసుకునేవారూ ఉన్నారు. వారిని తప్పుపట్టడానికి లేదు. మొట్టమొదట ఆ మాట అన్నవాడు ఈ ఊరి నేతగాళ్ళందరిలోకీ గొప్పవాడు. ఆ కథ పెద్దలు చెప్పగా విన్నది విన్నట్టు ఇక్కడ రాస్తున్నాము.

దిబ్బ మీద గుడి కట్టక మునుపు, అమ్మవారు తాటాకు పందిరి కింద ఉండే రోజుల మాట ఇది. సముద్రం మీద తెరచాప ఓడలు నడిచేవి. సాలెపాలెంలో ఇంటింటా గళ్ళ రుమాళ్ళు నేసేవారు. రుమాలంటే మొహం తుడుచుకునే గుడ్డ కాదు, నడుముకు చుట్టుకునేంత కోక. అవి ఓడలెక్కి ఎక్కడికో పోయేవి. ఎవరు కట్టుకుంటారో నేసినవారికి తెలియదు. దొరల గుర్రాల మీద కప్పుతారని కొందరు, భోజనాల బల్లల మీద పరుస్తారని కొందరు వాదించుకుంటూ నేసేవారు.

ఆ నేతగాళ్ళలో తిరుపాలు ఒకడు. మగ్గం మీద పోగు తెగితే అన్నం ముందు నుంచి లేచిపోయే మనిషి. పోగు తెగిన చప్పుడు మనకు వినబడదు, ఆయనకు వినబడేదట. ఏటా జాతరకు అమ్మవారి కోక నేసే హక్కు ఆ ఇంటిదే. ఆయన భార్య నాంచారమ్మ. నోరు పెద్దది, మనసు అంతకన్నా పెద్దది.

ఒక తుపాను వెలిసిన ఉదయం నాంచారమ్మ కట్టెలు ఏరుకోవడానికి ఒడ్డుకు వెళ్ళింది. తడి ఇసుకలో ఒక ఆడమనిషి కూర్చుని ఉంది. ఒంటి రంగు అచ్చంగా అమ్మవారి రాతి రంగు. పగిలిన ఓడ చెక్కలు చుట్టూ తేలుతున్నాయి. ఏ దొరల ఓడలో, ఎవరి బలవంతాన అంత దూరం వచ్చిందో ఆమె తరవాత కూడా చెప్పలేదు. పేరు మాత్రం గుండె మీద చెయ్యి పెట్టుకుని చెప్పింది: ఇబిసో. నాంచారమ్మ తన పైట చెంగు తీసి ఆమె భుజాల మీద కప్పి, ఇంటికి తీసుకొచ్చింది.

మగ్గం గుంటకే సగం ఇల్లు పోయిన కొంప అది. ఇరుగుపొరుగు ఊరుకుంటారా? "తా దూర కంత లేదు, మెడకో డోలు" అన్నారు. "డోలు మోగినప్పుడు వినడానికి మాత్రం మా వాకిట్లోకి రాకండి" అంది నాంచారమ్మ.

తిరుపాలు ఆ కొత్త మనిషి ముఖం కంటే ముందు ఆమె నడుముకున్న గుడ్డను చూశాడు. నేతగాడి చూపు అంతే. ఎర్ర గళ్ళు, నీలపు అంచు. అది సాలెపాలెం రుమాలే. తన తండ్రి నేత అని అంచు పట్టుకోగానే తెలిసిపోయింది. ఆయనకు ఒళ్ళు పులకరించింది. గుర్రాలూ కాదు, బల్లలూ కాదు, తమ కోకను ఒక మనిషి కట్టుకుంది! మరుక్షణమే ప్రాణం ఉసూరుమంది. గుడ్డ నిండా కంతలు. ఎక్కడికక్కడ పోగులు లేచిపోయి ఉన్నాయి.

"ఓడలో ఎలుకలు కొట్టినట్టుండాయే" అన్నాడు పెళ్ళాంతో. "పాపం, ఈ గుడ్డతోనే ఎట్టా నెట్టుకొచ్చిందో."

ఆమెకు కట్టుకోవడానికి కొత్త కోక ఇచ్చి, ఆ పాత గుడ్డను ముందేసుకుని కూర్చున్నాడు. మగ్గం పని అయ్యాక రోజూ వాకిట్లో కూర్చుని, పోయిన పోగుకు పోగు ఎక్కించాడు. అంత ఓపిక ఆయన తన పంచె మీద కూడా ఎన్నడూ చూపలేదు. ఒక్క కంత మిగలకుండా పూడ్చి, మడత పెట్టి, రెండు చేతులతో ఆమెకు అందించాడు. ఇబిసో గుడ్డ విప్పి చూసింది. వేళ్ళతో తడిమి తడిమి చూసింది. తరవాత దాన్ని ముఖానికి అదుముకుని వెక్కివెక్కి ఏడ్చింది. సంతోషం పట్టలేక ఏడుస్తోందని తిరుపాలు అనుకున్నాడు. ఆ పూట రెండు ముద్దలు ఎక్కువే తిన్నాడు. ఆమె ఆ గుడ్డను మళ్ళీ కట్టుకోలేదు, దూలం మీద దాచిపెట్టింది. మంచిరోజుల కోసం దాచుకుందనుకుంది నాంచారమ్మ.

వానలు వచ్చి వెళ్ళేసరికి ఇబిసోకు ఇంటి మాటలు వచ్చాయి, అవీ నాంచారమ్మ యాసలోనే. నూలు కండెలు చుడుతూ తన దేశం సంగతులు చెప్పేది. పడమటి ఆఫ్రికాలో ఒక మహానది సముద్రంలో కలిసేచోట చిత్తడి దీవులున్నాయి. ఆ దీవుల వెనక దేశాల్లో మగవాళ్ళు జానెడు వెడల్పు పట్టీలు నేసి, పట్టీ పక్కన పట్టీ కుట్టి పెద్ద గుడ్డ చేస్తారు. ఒక్కో నేతకు ఒక్కో పేరు, కొన్నింటికి సామెతే పేరు. కట్టిన గుడ్డను బట్టి మనిషి మనసులో మాట చదివేయవచ్చు. తన దీవుల వాళ్ళు మాత్రం చేపలు పడతారు, బేరాలు చేస్తారు, గుడ్డ కొనుక్కుంటారు. కొన్న తరవాత ఆడవాళ్ళ పని మొదలవుతుంది. తల్లి పని చేసిన కోక కూతురి పెట్టెలోకి వెళ్తుంది. ఇంట్లో పెద్దలు పోతే ఆ పెట్టెలు తెరిచి, కోకలతో మంచం అలంకరించి సాగనంపుతారు. పెట్టె ఖాళీగా ఉన్న ఇంటికి పరువు లేదు.

"ఏం పని చేస్తారమ్మా గుడ్డ మీద?" అని నాంచారమ్మ అడిగింది. ఇబిసో వేళ్ళు ఆడించి చూపించింది. అదేదో కుట్టుపని కాబోలనుకుని నాంచారమ్మ ఊరుకుంది.

జాతర దగ్గర పడింది. అమ్మవారి కోక మగ్గం దిగింది. దాన్ని పసుపు రాసిన పీట మీద పెట్టి, మొగుడూ పెళ్ళాం చుట్టాలను పిలవడానికి పక్క ఊరికి వెళ్ళారు. తిరిగి వచ్చేసరికి గుమ్మంలో ఇబిసో నిలబడి ఉంది. ముఖం వెలిగిపోతోంది. రెండు చేతుల మీదా అమ్మవారి కోక పరిచి పట్టుకుంది. కోక పొడుగునా తాబేటి వీపు మీది గీతల్లా కంతలు. కాళ్ళ దగ్గర కోసి లాగేసిన పోగులు కుప్పగా పడి ఉన్నాయి.

తిరుపాలు నేల మీద కూలబడ్డాడు. తిట్టలేదు, కొట్టలేదు. నేతగాళ్ళ ఊళ్ళో పోగు తెగడమే అశుభం. కావాలని కోయడం, అందునా అమ్మవారి కోకను కోయడం, ఎవరూ కనీ వినీ ఎరగరు.

మర్నాడు దిబ్బ మీద ఊరు కూడింది. కులపెద్ద అంకయ్య కోకను చూడలేక తల తిప్పుకున్నాడు. "ఈ మనిషిని ఊళ్ళో ఉంచితే అమ్మ ఊరుకుంటదా? పడవెక్కించి పంపించెయ్యండి" అన్నాడు.

పడవెక్కిస్తే ఆ మనిషి ఎక్కడ తేలుతుందో, మళ్ళీ ఏ ఓడవాళ్ళ చేతిలో పడుతుందో నాంచారమ్మకు తెలుసు.

"నువ్వేమంటావమ్మాయ్?" అని అంకయ్య ఇబిసోనే అడిగాడు. "తెలిసి చేశావా, తెలవక చేశావా?"

"తెలిసే చేశా" అంది ఇబిసో. "కొయ్యకపోతే అది కొన్న కోక. కోస్తే అప్పుడు మన కోక. మా అమ్మ నాకు కోసిచ్చింది. నాకిప్పుడు ఇంకో అమ్మ లేదు గదా. ఈ అమ్మే."

నాంచారమ్మకు దూలం మీది గుడ్డ గుర్తొచ్చింది. అందులోని కంతలూ ఇవే తాబేటి గీతలు! ఎలుకలు కాదు, తల్లి చేతి పని. దాన్నే తన మొగుడు పోగుపోగుకూ పూడ్చి పాతేశాడు. ఆ ఏడుపు సంతోషం ఏడుపు కాదు.

"అంకయ్య మామా!" అని అరిచినంత పని చేసింది. "ముందు తప్పు మాది. వాళ్ళమ్మ చేతిపనంతా మా ఆయన పూడ్చేశాడు, మంచే అనుకుని. ఆ పిల్ల మమ్మల్ని ఒక్క మాటన్లా. మా ఇంట్లోనే ఉంది, మా గంజే తాగింది. ఇప్పుడు మన కోక అది కోసింది, మంచే అనుకుని. దాన్ని పంపించేట్టయితే ముందు మమ్మల్నెక్కించు ఆ పడవ."

అమ్మనే పువ్వు అడుగుదామన్నాడు అంకయ్య. పాత కోక తీసేసి రాతికి నీళ్ళు పోశారు. తడి భుజాల మీద చెరో మందార పువ్వు అతికించారు. కుడివైపుది పడితే ఇబిసో ఉంటుంది, ఎడమవైపుది పడితే పడవెక్కుతుంది.

ఏ పువ్వూ పడలేదు. పొద్దెక్కింది, రాయి ఆరింది, ఇసుక కాలసాగింది. నాంచారమ్మ ఎడమవైపు పువ్వును కళ్ళతోనే నొక్కి పట్టుకుంది. అమ్మ మాత్రం కోక లేకుండా అందరి ఎదుటా నిలబడి ఉంది. అది ఎవరికీ పట్టలేదు, ఒక్క ఇబిసోకు తప్ప. ఆమె లేచింది. ఎవరినీ అడగలేదు. కోసిన కోకను తీసుకుని పందిరి కిందికి వెళ్ళి, తన దీవుల్లో తల్లులకు కట్టినట్టు రాతి నడుము చుట్టూ రెండు చుట్లు చుట్టి, కొస లోపలికి దోపింది. చివరగా అమ్మ గడ్డం పట్టుకుని ముఖం ఒకసారి చూసుకుంది. కుడివైపు పువ్వు రాలింది.

ఆమె మోచెయ్యి తగిలి రాలిందనేవారు అప్పుడూ ఉన్నారు, ఇప్పుడూ ఉన్నారు. "అమ్మకు ఇష్టం లేకపోతే మోచెయ్యి ఎడమవైపు తగలకూడదా?" అని నాంచారమ్మ బతికినంతకాలం వారిని నిలదీసింది. అంకయ్య పువ్వు తీసి ఇబిసో కొప్పులో తురిమి, "ఇది మన ఆడపడుచు" అన్నాడు. ఓడ తెచ్చిన ఆడపడుచు గనక ఊరు ఓడపడుచు అంది.

ఆ సాయంత్రం తిరుపాలు దూలం మీది గుడ్డ దించాడు. జన్మలో పోగు తెంపని మనిషి, తాను ఎక్కించిన పోగులను తన చేత్తోనే ఒక్కొక్కటీ కోసి లాగాడు. కోసినప్పుడల్లా ఒళ్ళు జలదరించేది, అయినా ఆపలేదు. ఎక్కడ ఆపాలో ఇబిసో పక్కన కూర్చుని చూపించింది. గుడ్డ మళ్ళీ వాళ్ళమ్మ కోసిచ్చినప్పటిలా అయ్యాక, ఆమె దాన్ని కట్టుకుని వాకిట్లో అటూ ఇటూ నడిచింది. తిరుపాలు కళ్ళు తుడుచుకుని, బాగుందన్నాడు.

ఇబిసో ఈ ఊళ్ళోనే ముసలిదై, ఈ ఊళ్ళోనే కన్నుమూసింది. ఊరి ఆడవాళ్ళందరికీ కోతపని నేర్పింది. గుడికి కుడిపక్కన పసుపు రాసి ఉండే చిన్న రాయి ఆమెదే.

నేటికీ జాతర ముందురోజు సాలెపాలెం ఆడవాళ్ళు గుడి మండపంలో కూర్చుని అమ్మవారి కోక కోస్తారు. నేసిన మగవాళ్ళు సముద్రం వైపు తిరిగి కూర్చుంటారు. పద్ధతి అని చెబుతారు గానీ, చూడలేకే. లాగిన పోగులను పసుపులో ముంచి భక్తుల మణికట్టుకు కడతారు. కొత్తకోడళ్ళకు అత్తిల్లు పుట్టిల్లవుతుందనీ, పొట్ట చేతపట్టుకుని పరాయి ఊరు వెళ్ళినవారికి అక్కడ ఒక గుమ్మం తెరుచుకుంటుందనీ నమ్మకం.

అన్నిటికీ మించిన ఆచారం కోక కట్టడం. ఆ పని అర్చకుడు చెయ్యడు, కులపెద్ద చెయ్యడు. "ఈ ఏడు ఊరికి కొత్తగా వచ్చిందెవరు?" అని మూడుసార్లు కేకేస్తారు. ఎవరు వచ్చి ఉంటే వారి చేతికే కోక ఇస్తారు. కులం అడగరు, మతం అడగరు.

కిందటేడు ఆ కోక అందుకున్నది రొయ్యల షెడ్డులో పనికి వచ్చిన ఒడిశా పిల్ల సుకాంతి. తెలుగు ముక్క రాదు. తనకు తెలిసినట్టే కట్టింది. కుచ్చెళ్ళు సర్ది, కొంగును వాళ్ళ ఊరి ఆడవాళ్ళలా అమ్మ తల మీదికి లాగి ముసుగు వేసింది. మా పోగులమ్మ ఎన్నడూ ముసుగు ఎరగదు. జాతర జరిగినన్నాళ్ళూ తల్లి ఆ ముసుగుతోనే దర్శనమిచ్చింది. ఎవరూ సవరించలేదు.