డొంకాడ వారింట చలికి ఆగే కుళాయి

మంచుమెట్టలో డొంకాడ వారింటికి గొప్ప పేరుంది. ఆ పేరు వాళ్ళే పెట్టుకున్నారు. తెలివంటే మా ఇంటిదే అని అన్న బంగారయ్య అనేవాడు, అవునని తమ్ముడు పోలయ్య తలూపేవాడు, ఇద్దరూ ఒకే మాట అంటున్నారు కనక అది నిజమే అయివుంటుందని బంగారయ్య పెళ్ళాం నూకాలు తేల్చేసేది. ఎవరేం చెప్పినా చెప్పింది చెప్పినట్టు చేస్తాం, సొంతంగా ఒక్క ముక్క కలపం అని ముగ్గురూ ఛాతీ విరుచుకునేవారు. అందుకే ఊళ్ళో వాళ్ళకి వాళ్ళతో ఏదైనా చెప్పాలంటే భయం.

మంచుమెట్ట కొండ మీది ఊరు. పుష్యమాసంలో అక్కడ గడ్డి మీద మంచు తెల్లగా గడ్డకడుతుంది. అది చూడ్డానికి పట్నం వాళ్ళు తెల్లవారకుండానే కార్లేసుకుని వస్తారు, చూసీ చూడగానే టీ కోసం వెతుక్కుంటారు. ఇంటి ముందు నూకాలుది టీకొట్టు. గోడకి కుళాయి, కుళాయి పక్కన కట్టెల పొయ్యి. ఆ ఏడు చలికి గొట్టంలో నీళ్ళు గడ్డకట్టి కుళాయి ఫట్టున పగిలింది. ఇంకేముంది, వచ్చిన జనమంతా ఎదురుగా బావి ఉన్న చిట్టెమ్మ కొట్టుకి పోయారు. నూకాలు చల్లారిన పొయ్యి ముందు కూచుని ఏడ్చింది.

"ఈ ఆదివారం పొద్దున్న కూడా టీ పడకపోతే కొట్టు ఎత్తీడమే," అంది మొగుడితో. "చిట్టెమ్మ నన్ను చూసి నవ్వుతుంటే మరి నేను తట్టుకోలేను."

అన్నదమ్ములు వెంటనే కొండ దిగి బజారులో సామాన్ల కొట్టుకి వెళ్ళి చలికి ఆగే కుళాయి కావాలన్నారు. కొట్టతను తెచ్చి చూపించాడు. బంగారయ్య ఒక్కో కుళాయినీ పట్టుకుని చూసి, ఇది ఇక్కడే ఇంత చల్లబడిపోయింది, మా కొండ మీదికొస్తే బతుకుతుందా అని పక్కన పెట్టేశాడు. కొట్టతను విసుగెత్తి మూరెడు పొడుగున్న ఇత్తడి కుళాయిని కాసేపు ఎండలో పెట్టి తెచ్చాడు. వెచ్చగా తగిలింది. ఆహా, దీని ఒంట్లో వేడి ఉంది అని బంగారయ్య దాన్నే ఎంచుకున్నాడు.

నిజానికి అది మంచి కుళాయే. దాని మూతి బయట ఉంటుంది, నీళ్ళని ఆపే బిళ్ళ మాత్రం గోడ దాటి ఇంట్లో వెచ్చని చోట ఉంటుంది. ఆపగానే గొట్టంలో మిగిలిన నీళ్ళు బయటికి కారిపోతాయి, ఇక గడ్డకట్టడానికి ఏమీ ఉండదు. ఇదంతా ఓపిగ్గా చెప్పి, పొడుగు సరిపోవాలి కనక మీ గోడ మందం పట్టుకురండి అన్నాడు కొట్టతను.

అంతే. ఇద్దరూ కొండెక్కి, గునపంతో గోడ తవ్వి, ఈ వైపు సున్నం నుంచి ఆ వైపు సున్నం దాకా ఉన్న పెద్ద మట్టిపెళ్ళని గోనెలో మోసుకొచ్చి బల్ల మీద దించారు. గోడ మందం మొత్తం తెచ్చాం, కొంచెం కూడా అక్కడ వదల్లేదు అన్నారు. కొట్టతను తల పట్టుకుని కొలిచి కుళాయి ఇచ్చాడు. కన్నం పెట్టే పని ఎలాగూ అయిపోయింది కదా, మూతి కొంచెం కిందికి వాల్చి బిగించండి అన్నాడు. వెళ్ళేముందు మరో రెండు మాటలు చెప్పాడు. పడుకునే ముందు కుళాయి కట్టెయ్యాలి. రబ్బరు పైపు తగిలించి వదిలెయ్యకూడదు.

శనివారం సాయంత్రానికి కుళాయి గోడలో కూచుంది. దాంట్లోంచి ఇంకా ఎవరూ నీళ్ళు పట్టి చూడలేదు. బంగారయ్య దూడ పలుపు తెచ్చి కుళాయి మెడకి చుట్టి గుంజకి కట్టేశాడు. ఇక ఎటూ పోదు అన్నాడు. పోలయ్య రబ్బరు పైపు తగిలించాడు. తగిలించాక వదలకూడదు కదా, రెండు చేతులా పట్టుకుని అక్కడే గొంగడి కప్పుకుని కూచున్నాడు. నూకాలు వాడికి అన్నం ముద్దలు కలిపి నోట్లో పెట్టింది. ఇంత జాగ్రత్త ఎవరికుంటుందని మురిసిపోయింది కూడా.

ఆదివారం తెల్లవారింది. కార్లొచ్చాయి. నూకాలు పొయ్యి రాజేసింది, మంట భగ్గుమంది. బంగారయ్య పలుపు విప్పాడు. నీళ్ళు రాలేదు. ముడి ఇంకా ఎక్కడో మిగిలిందేమోనని మెడంతా తడిమాడు, ఐనా రాలేదు. జనం ఎదుటి కొట్టు వైపు చూడ్డం మొదలెట్టారు.

అప్పుడు మఫ్లరు చుట్టుకున్న ఒక పెద్దాయన జాలిపడి, "కుళాయి తిప్పాలి నాయనా, తిప్పితేనే నీళ్ళొస్తాయి," అన్నాడు.

ఇంకేముంది. ఈ మాట ముందే చెప్పొచ్చు కదా అని బంగారయ్య కుళాయిని గోడలోంచి ఒక్క ఊపున పీకి, భుజాన వేసుకుని, ఊరు తిప్పడానికి బయల్దేరాడు. వెనకాల పోలయ్య రబ్బరు పైపు కొస పట్టుకుని పరిగెత్తాడు. ప్రతి గుమ్మం దగ్గరా ఆగి కుళాయి మూతిలోకి తొంగిచూశారు. ఇంకొంచెం తిప్పాలేమో అన్నియ్యా, అన్నాడు పోలయ్య. చిట్టెమ్మ చేతిలో గ్లాసు పట్టుకుని నోరు తెరిచి నిలబడిపోయింది.

ఇక్కడ గోడ కన్నం దగ్గర తెగిన గొట్టంలోంచి నీళ్ళు ధారగా ఇంట్లోకి చిమ్మాయి. పరుపు తేలింది, చెప్పులు తేలాయి, కోడిపెట్ట అటకెక్కింది. నూకాలు తెల్లబోయి చూస్తోంది. ఆ మఫ్లరాయనే పరుగున లోపలికెళ్ళి, ధార కింద బిందె పట్టి నింపి తెచ్చి ఆవిడ చేతికిచ్చాడు. నూకాలు మొహం వెలిగిపోయింది. నీళ్ళున్నాయి. మంట ఉంది. జనం వెనక్కి తిరిగొచ్చారు. కొట్టు నిలబడినట్టే.

"ఇంక చూస్తావేంటి తల్లీ, చలికి చస్తున్నాం," అన్నాడాయన. "ఆ నీళ్ళు పొయ్యి మీద పడెయ్."

చెప్పింది చెప్పినట్టు చేసే ఇల్లాయె. నూకాలు బిందె ఎత్తి, గురి చూసి, నీళ్ళన్నీ పొయ్యి మీద పడేసింది. సుయ్యిమని ఆవిరి లేచి అందరి మొహాలూ మూసేసింది. అది తేలిపోయాక చూస్తే పొయ్యిలో నల్లటి బురద, దాని ముందు చెంగుతో చేతులు తుడుచుకుంటూ నూకాలు.

"ఒక్క చుక్క కూడా పక్కన పడలేదండి," అంది గర్వంగా. "పంచదార ఎంత వెయ్యమంటారు?"